ఫుప్పీ అర్జీ



ఈ సంగతి రాయాలని చాలాసార్లు కూర్చుని లేచిపోయాను. అబ్బా బతికుండగా రాసే ధైర్యం లేదు. ఆయన ఇంతెఖాల్ అయ్యాక రాస్తే, జవాబు చెప్పుకోలేని మనిషి మీద రాసినట్టు అవుతుందని జంకాను. మొన్న ఫుప్పీయే ఫోన్ చేసి, "రాయి బేటా. నా పేరు మాత్రం వెయ్యకు. ఇంకో ఆడపిల్లకి పనికొస్తే ఆ సవాబు మీ అబ్బాకే పోతుంది" అంది. ఇజాజత్ దొరికింది కాబట్టి రాస్తున్నాను.

డొంకూరు మీలో చాలామందికి తెలియకపోవచ్చు. శ్రీకాకుళం జిల్లా ఇచ్ఛాపురం మండలంలో సముద్రం ఒడ్డున ఉన్న ఊరు. ఇంకాస్త ఉత్తరానికి పోతే ఒడిశా వచ్చేస్తుంది. ఊళ్లో ఎక్కువమంది మత్స్యకారులు. ఇసుక నేల, ఆ నేలలో కొబ్బరి, జీడి. మేముండేది ఇచ్ఛాపురంలో. మా దాదా కొబ్బరికాయల బేరం చేసేవాడు. ఇతరుల తోటల్లో కాయలు కొని కొని, చివరికి తనకంటూ ఒక తోట ఉండాలని డొంకూరు పక్కన మూడెకరాలు కొన్నాడు. నా చిన్నప్పుడు ఆ తోటలో 180 చెట్లుండేవి. మేము పిల్లలం లెక్కపెట్టి, లెక్క తప్పి, మళ్లీ మొదలుపెట్టేవాళ్లం.

2004లో దాదా పోయాడు. దాదీ అంతకు ముందే పోయింది. వారిసులు ఇద్దరే: మా అబ్బా, ఆయన చెల్లెలు, అంటే మా ఫుప్పీ. సూరె నిసా 11వ ఆయత్ మనందరికీ తెలుసు. కొడుక్కి ఇద్దరు కూతుళ్లంత వాటా. మూడెకరాలు, ఒక కొడుకు, ఒక కూతురు. అబ్బాకి రెండెకరాలు, ఫుప్పీకి ఒక ఎకరం. ఐదో తరగతి పిల్లాడు నోటితో చేసే లెక్క. అది నేల మీద తేలడానికి 19 ఏళ్లు పట్టింది.

మొదట్లో ఫుప్పీ అడగలేదు. మన ఇళ్లలో ఆడపిల్ల వాటా అడిగితే ఏమంటారో మీకు తెలుసు. "పెళ్లికి పెట్టాం కదా", "అన్నతో బంధం కావాలా, భూమి కావాలా". చాలా ఇళ్లలో ఏ పండక్కో పిలిచి, చీర పెట్టి, నోటి మాటతో హక్ మాఫ్ చేయించుకుంటారు. సిగ్గుకో, భయానికో ఆ ఆడమనిషి తల ఊపుతుంది. దాన్నే రజామందీ అంటాం. 2008లో ఫుప్పా పోయాక, కూతురి నికాహ్ మీదికొచ్చాక ఫుప్పీ మొదటిసారి అడిగింది. "రంజాన్ వెళ్లాక చూద్దాం" అన్నాడు అబ్బా. రంజాన్ వెళ్లింది. బక్రీద్ వెళ్లింది. 2009లో ఫుప్పీ కోర్టులో పంపకాల దావా వేసింది.

సమన్లు వచ్చిన రోజు అబ్బా అన్నం తినలేదు. "నా చెల్లెలు నన్ను ముద్దాయిని చేసింది" అన్నాడు.

ఈ ముద్దాయి అనే మాట గురించి తర్వాత చాలా ఆలోచించాను. ఉర్దూలో ముద్దయీ అంటే దావా వేసినవాడు. తెలుగులోకి వచ్చేసరికి ఆ మాట తలకిందులైంది. నేరం మోపబడ్డవాడు ముద్దాయి అయ్యాడు. మా ఇంట్లోనూ అదే జరిగింది. హక్ అడిగిన మనిషి తప్పు చేసినదైంది, హక్ ఆపిన మనిషి బాధితుడయ్యాడు. దావా, అర్జీ, వకీలు, వకాల్తా, హాజరు, జప్తు, దస్తావేజు, ఇవన్నీ మన మాటలే. తెలుగు కోర్టుల్లో అందరూ వాడతారు. అన్నింటికంటే ఎక్కువగా వినిపించేది వాయిదా. దాని అసలు రూపం వాదా, అంటే ఇచ్చిన మాట. ఫలానా రోజు వస్తాను, ఫలానా రోజు ఇస్తాను అని చెప్పే ఒప్పందం. కోర్టు వరండాలో ఆ మాటకి మిగిలిన అర్థం ఒక్కటే: ఇవాళ కాదు.

2013లో ప్రిలిమినరీ డిక్రీ వచ్చింది. ఫుప్పీకి మూడో వంతు హక్కు ఉందని కోర్టు చెప్పింది. మా వకీలు ఒక అభ్యంతరం లేవదీశాడు. 1937 షరియత్ చట్టంలో వ్యవసాయ భూమిని మినహాయించారు కదా అన్నాడు. ఆ మినహాయింపు ఉన్న మాట నిజమే. కానీ మన ప్రాంతం అప్పట్లో మద్రాసు రాష్ట్రంలో ఉండేది. 1949లో మద్రాసు శాసనసభ ఆ మినహాయింపును తీసేసింది. కాబట్టి ఇక్కడ పొలమైనా తోటైనా షరియత్ ప్రకారమే మిరాస్. అభ్యంతరం నిలబడలేదు. అబ్బా అప్పీలు వేశాడు. 2016లో అదీ కొట్టేశారు.

ఇక అయిపోయింది కదా అనుకుంటారు మీరు. ఇక్కడే అసలు కథ మొదలవుతుంది.

పంపకాల దావాలో మొదటి డిక్రీ ఎవరికి ఎంత వాటా అని మాత్రమే చెబుతుంది. ఏ చెట్టు ఎవరిది, ఏ గట్టు ఎవరిది అని చెప్పదు. దానికి ఫైనల్ డిక్రీ కావాలి. దానికోసం ఇంకో దరఖాస్తు పెట్టాలి. కోర్టు వాళ్లు దాన్ని ఐ.ఏ. అంటారు. కోర్టు ఒక వకీలును కమిషనర్‌గా వేస్తుంది. ఆయన సర్వేయర్‌తో వెళ్లి కొలిచి, గీత గీసి, రిపోర్టు ఇస్తాడు. అభ్యంతరాలు విని కోర్టు ఖరారు చేస్తుంది. అప్పుడు స్టాంపు కాగితాల మీద ఫైనల్ డిక్రీ రాస్తారు. ఫుప్పీ 2016లోనే ఆ ఐ.ఏ. వేసింది. హక్కు తేలిపోయింది, కొలవడమే మిగిలింది. ఆ కొలత ఆరేళ్లు ఆగింది.

ఎలా ఆగిందో చెబుతాను. ఆపిన వాళ్లలో నేనూ ఉన్నాను కాబట్టి నాకు బాగా తెలుసు.

కౌంటర్ వెయ్యడానికి టైం అడిగాం. మళ్లీ అడిగాం. జడ్జి గారు బదిలీ అయ్యారు, కొత్తవారు వచ్చేదాకా ఇన్‌చార్జి కోర్టులో తారీఖులు పడ్డాయి. వకీళ్లు విధులు బహిష్కరించిన రోజులున్నాయి. కమిషనర్‌గా వేసిన ఒకాయన నాకు వీలుపడదని వారెంటు తిప్పి పంపారు. ఇవన్నీ మా చేతుల్లో లేనివి, కానీ మాకు పనికొచ్చినవి. ఏదీ దొరకని రోజు మేమే ఒకటి తయారుచేసేవాళ్లం. ఒక పార్టీకి మూడుసార్లకి మించి వాయిదా ఇవ్వకూడదని సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో ఉంది. అసాధారణ పరిస్థితుల్లో జడ్జికి విచక్షణ ఉంటుందని సుప్రీంకోర్టు తర్వాత చెప్పింది. ఆ అసాధారణాన్ని మామూలు చేసుకోవడం మా వకీలుకు బాగా తెలుసు.

2017లో ఒక తారీఖు ముందు ఆయన ఫోన్ చేసి, "రేపు ఏమీ లేదు. మీ నాన్నగారికి ఒంట్లో బాలేదని ఒక సర్టిఫికెట్ తెచ్చిస్తే సరిపోతుంది" అన్నాడు. అబ్బాకి ఏ జ్వరమూ లేదు. ఆ పొద్దున్నే తోటకెళ్లి కాయలు దించి వచ్చాడు. తెలిసిన డాక్టరు దగ్గరికి నేనే వెళ్లాను, టైఫాయిడ్ అని రాయించుకుని వచ్చాను. వాయిదా పడింది.

ఆ సాయంత్రం మగ్రిబ్ తర్వాత ఎవరో తలుపు తట్టారు. ఫుప్పీ. చేతిలో స్టీలు క్యారేజీ. కోర్టులో సర్టిఫికెట్ సంగతి విందట. "భాయిజాన్‌కి టైఫాయిడ్ అట కదా, యఖ్నీ చేసి తెచ్చాను. మసాలా వెయ్యలేదు" అంది. ఎనిమిదేళ్లుగా మా గడప తొక్కని మనిషి. అబ్బా లోపల గదిలో దుప్పటి కప్పుకుని పడుకున్నాడు. నిజంగానే పడుకున్నాడు, ఆమె గొంతు విని. ఆమె తలుపు దగ్గర నిలబడి ఏదో దువా చదివి ఊది, క్యారేజీ అమ్మీ చేతిలో పెట్టి వెళ్లిపోయింది. రాత్రి ఆ యఖ్నీ ఎవరూ తాగలేదు. పొద్దున అమ్మీ దాన్ని పారబోస్తూ నా వైపు చూసింది. ఏమీ అనలేదు. ఆ సర్టిఫికెట్ తెచ్చినవాణ్ని నేను.

ఆ మధ్యకాలమంతా తోట ఆగలేదు. డిక్రీ వచ్చిన ఏడాదే, 2013 అక్టోబర్ 12న ఫైలిన్ గోపాల్‌పూర్ దగ్గర తీరం దాటింది. మాకు కొన్ని చెట్లు పోయాయి. 2018 అక్టోబర్ 11 తెల్లవారుజామున తిత్లీ వజ్రపుకొత్తూరు దగ్గర తీరం తాకింది. ఉద్దానంలో ఆ పొద్దున ఏం జరిగిందో చూసినవాళ్లు మర్చిపోరు. కొబ్బరి చెట్లు నడుముకి విరిగి వరుసగా పడి ఉన్నాయి, జీడి చెట్లు వేళ్లతో సహా లేచిపోయాయి. మా తోటలో లెక్కపెడితే 61 చెట్లు నిలబడి ఉన్నాయి. నాటు కొబ్బరి మొక్క పెడితే కాపుకి రావడానికి ఆరేడేళ్లు పడుతుంది. ఫుప్పీ ఐ.ఏ. వేసిన రోజే కొలత జరిగి, ఆమె తన ఎకరం కాయలు రెండేళ్లు తిన్నా, ఆమెకి కొంత దక్కేది. ఇప్పుడు ఆమె గెలిచిన తోట సగానికి పైగా నేల మీద పడి ఉంది. పేపర్లో హక్కు అలాగే ఉంది, ఆ హక్కు ఉన్న వస్తువు తరిగిపోయింది. కోర్టులో ఆలస్యం అంటే ఇదేనని నాకు ఆ పొద్దున అర్థమైంది. అర్థమైనా నోరు విప్పలేదు.

తర్వాత కరోనా. కోర్టులు మూశారు, తెరిచారు, మళ్లీ మూశారు. 2022 వచ్చింది. ఫుప్పీకి 69 ఏళ్లు.

ఆ ఏడాది ఆమె కొడుకు, నాకంటే రెండేళ్లు పెద్ద, మా భాయి, అమరావతి వెళ్లాడు. 2019 జనవరి 1 నుంచి మన రాష్ట్ర హైకోర్టు అక్కడే. ఇచ్ఛాపురం నుంచి రాత్రంతా రైలు. అక్కడ ఒక వకీలును పట్టుకుని సివిల్ రివిజన్ పిటిషన్ వేయించాడు. రాజ్యాంగం 227వ అధికరణం ప్రకారం తన పరిధిలోని కింది కోర్టులన్నింటి మీదా హైకోర్టుకి పర్యవేక్షణ అధికారం ఉంటుంది. కింది కోర్టు తీర్పు తప్పు అని కాదు ఆ పిటిషన్. అసలు ఏ తీర్పూ ఇవ్వడం లేదు, కనీసం ఏదో ఒకటి తేల్చమనండి అని.

ఆ వకీలు సుప్రీంకోర్టు కొత్త తీర్పు ఒకటి చూపించాడట. 2022 జూన్‌లో వచ్చింది. జస్టిస్ అబ్దుల్ నజీర్, జస్టిస్ విక్రమ్ నాథ్‌ల ధర్మాసనం. నజీర్ సాహెబ్ ఆ మరుసటి ఏడాది మన రాష్ట్రానికి గవర్నర్‌గా వచ్చారు. కేరళ కేసులో ఇచ్చిన ఆ తీర్పులో వాళ్లు చెప్పింది ఇది: ప్రిలిమినరీ డిక్రీ ఇవ్వగానే కోర్టు పని అయిపోయినట్టు ఫైలు కట్టేయకూడదు. ఫైనల్ డిక్రీ కోసం పార్టీలు వేరే అర్జీ పెట్టేదాకా ఆగకుండా, కోర్టే తనంతట తాను కేసును ముందుకు నడపాలి. చదివినప్పుడు నాకు వింతగా అనిపించింది. ఫుప్పీ ఆరేళ్లుగా తిరుగుతున్న అర్జీ అసలు పెట్టాల్సిన అవసరమే లేనిది.

హైకోర్టు ఆర్డరు ఒకటిన్నర పేజీ ఉంది. మేము ఎవరి వాదనలోకీ పోవడం లేదు, ఫలానా ఐ.ఏ.ని ఈ ఆర్డరు కాపీ అందిన మూడు నెలల్లోగా చట్ట ప్రకారం తేల్చండి అని దాని సారాంశం. అంతే. ఫుప్పీకి ఎకరం ఇవ్వమని అందులో లేదు. మమ్మల్ని ఒక్క మాట అనలేదు. అబ్బా మాత్రం దాన్ని తనకు పడిన శిక్షలా తీసుకున్నాడు. "పై కోర్టుకి పోయి మన మీద హుకుం తెచ్చింది" అని వారం రోజులు అదే మాట.

మా వకీలు కంగారు పడలేదు. "మూడు నెలలంటే పన్నెండు వారాలు. కమిషనర్ రిపోర్టు మీద అభ్యంతరాలు వేద్దాం, మళ్లీ కొలవమని ఒక పిటిషన్, దాన్ని కొట్టేస్తే దాని మీద మనం కూడా హైకోర్టుకి" అన్నాడు. ఫీజు కూడా చెప్పాడు.

ఆ రాత్రి అబ్బా దగ్గర కూర్చున్నాను. ఒక్కటే అడిగాను. "అబ్బా, నా డిగ్రీ ఫీజు ఎక్కడి నుంచి కట్టారు?"

"తోట మీద. ఇంకెక్కడి నుంచి?"

"అందులో మూడో వంతు ఫుప్పీది."

ఆయన చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత, "యఖ్నీ తెచ్చిన రోజు నేను నిద్రపోలేదు" అన్నాడు. ఐదేళ్లుగా ఆ రోజు గురించి మా ఇంట్లో ఎవరం ఎత్తలేదు.

మర్నాడు వకీలు దగ్గరికి వెళ్లి, ఇక ఏ పిటిషనూ వెయ్యొద్దని చెప్పాను. ఆయన నన్ను జాలిగా చూశాడు.

ఆ తర్వాత పని ఎంత త్వరగా అయిందో చూస్తే మాకే సిగ్గేసింది. కమిషనర్ ఒక పొద్దున వచ్చారు. సర్వేయర్ గొలుసు పట్టాడు. రోడ్డు వైపు ముక్క ఎవరికి, సముద్రం వైపు ముక్క ఎవరికి అని మాట వచ్చింది. రోడ్డు వైపు ధర ఎక్కువ. కమిషనర్ మా రెండు పక్షాలనీ అడిగి, విలువ సమం అయ్యేలా గీత మార్చి, రెండు చీటీలు వేశారు. ఖుర్రా వెయ్యడం మనకి కొత్త కాదు కదా. ఫుప్పీకి రోడ్డు వైపు వచ్చింది. మూడు నెలలు చాలక కోర్టు ఇంకో నెల గడువు తీసుకుంది. 2023లో ఫైనల్ డిక్రీ వచ్చింది. ఆరేళ్లు ఆగిన పని నాలుగు నెలల్లో అయింది. ఆ నాలుగు నెలల్లో కూడా అసలు పని నాలుగు రోజులే.

కానీ ఇంకో విషయం కూడా చెప్పాలి. అది చెప్పకపోతే ఈ రాత సగమే నిజం.

ఆ నాలుగు నెలలూ నేను ప్రతి తారీఖుకి వెళ్లాను. వరండాలో డొంకూరు మత్స్యకారుడొకాయన తరచూ కనిపించేవాడు. ఇంటి స్థలం కేసు, మా కేసు కంటే పాతది. చెన్నై హార్బర్లో పడవల మీద పనిచేస్తాడు. తారీఖు ఉందంటే కూలి వదులుకుని రావాలి. ఒకరోజు పొద్దున్నుంచీ కూర్చున్నాడు. మధ్యాహ్నం మా ఐ.ఏ. పిలిచారు, వాదనలు సాయంత్రం దాకా సాగాయి. ఆయన కేసు పిలవకుండానే రెండు నెలలకి వేశారు. బయటికొచ్చాక నేనే పలకరించాను. "మీది పైకోర్టు కేసు గదా బాబూ. మాదేటి, ఉత్త కేసు" అన్నాడు. కోపం లేదు గొంతులో. చెప్పుల దుమ్ము దులుపుకుని బస్టాండుకి నడిచాడు.

ఆ మాట నన్ను వదల్లేదు. ఫుప్పీకి జరిగింది ఇన్సాఫే. కానీ ఆమె లైనులో ముందుకి జరిగినప్పుడు ఇంకొకరు వెనక్కి జరిగారు. అమరావతి దాకా పోయే ఖర్చు, పోగలిగిన కొడుకు ఉన్నందుకు ఆమె కేసు "పైకోర్టు కేసు" అయింది.

ఈ ప్రశ్న నా ఒక్కడిదే కాదని తర్వాత తెలిసింది. 2024 ఫిబ్రవరి 29న సుప్రీంకోర్టు అయిదుగురు జడ్జీల ధర్మాసనం అలహాబాద్ హైకోర్టు బార్ అసోసియేషన్ కేసులో తీర్పిచ్చింది. పై కోర్టులు కింది కోర్టులకి ఫలానా కేసు ఇన్ని రోజుల్లో తేల్చమని గడువు పెట్టడం మామూలు విషయం కాకూడదు, అసాధారణ పరిస్థితుల్లోనే పెట్టాలి అని. ఏ కోర్టులో ఏ కేసు ముందు వినాలో అక్కడి జడ్జికే బాగా తెలుసు, పై కోర్టు దాకా రాగలిగిన వాళ్లకి మాత్రమే ముందు వరస దొరకడం న్యాయం కాదు అన్నది అందులోని ఆలోచన. చదువుతుంటే నాకు ఆ వరండా కనిపించింది.

మరి పైకోర్టుకి పోలేని వాళ్ల సంగతేంటి? దానికి ఒక జవాబు 2025 మార్చి 6న వచ్చింది. తమిళనాడు నుంచి వచ్చిన పెరియమ్మాళ్ కేసులో జస్టిస్ పార్దీవాలా, జస్టిస్ పంకజ్ మిత్తల్, ఆ అయిదుగురిలో ఉన్న ఇద్దరే, ఒక్క కేసు కోసం కాకుండా దేశం మొత్తానికి ఆర్డరు వేశారు. డిక్రీ గెలిచి కూడా అమలు కోసం ఎదురుచూస్తున్న ఎగ్జిక్యూషన్ పిటిషన్ల లెక్క ప్రతి హైకోర్టూ తెప్పించాలి, ఆరు నెలల్లో వాటిని తేల్చమని జిల్లా కోర్టులకి చెప్పాలి, ఆలస్యమైతే ఆ కోర్టు జడ్జి జవాబుదారీ అని. అక్టోబర్లో లెక్క చూస్తే, ఆ ఆరు నెలల్లో 3,38,685 పిటిషన్లు తేలాయి. ఇంకా 8,82,578 మిగిలే ఉన్నాయి. ఆ సంఖ్య చూసి జడ్జీలే చాలా నిరాశ పడ్డారు. మన దేశంలో కక్షిదారుడి కష్టాలు డిక్రీ చేతికొచ్చాకే మొదలవుతాయని లండన్‌లో ప్రివీ కౌన్సిల్ 1872లోనే అన్నది. నూట యాభై ఏళ్లు దాటినా ఆ మాట పాతబడలేదు.

ఎనిమిది లక్షల ఎనభై రెండు వేలు. ప్రతి దాని వెనకా ఒక ఫుప్పీ, ఒక డొంకూరు మనిషి ఉంటారు. ఇంకో పక్క మా లాంటి వాళ్లు కూడా ఉంటారు. కోర్టులు నెమ్మదిగా నడుస్తాయని అందరం తిడతాం. జడ్జీలు చాలరు, సిబ్బంది చాలరు, అదంతా నిజమే. కానీ ఆ నెమ్మదిని వాడుకునేది ఎవరు? నకిలీ జ్వరం కాగితం పట్టుకెళ్లేది ఎవరు? పై కోర్టు కింది కోర్టుని తొందర పెట్టగలదు. ఇంట్లో కూర్చున్న అన్నని ఏ కోర్టూ తొందర పెట్టలేదు. అతని నియ్యత్ అతనే మార్చుకోవాలి.

2024లో అబ్బా పోయారు. జనాజా నమాజుకి ముందు, మన దగ్గర రివాజు ప్రకారం, నేను సఫ్ ముందు నిలబడి, "మా అబ్బా ఎవరికైనా బాకీ ఉంటే నాతో చెప్పండి, నేను తీరుస్తాను" అన్నాను. భాయి మొదటి సఫ్‌లోనే ఉన్నాడు. తర్వాత నా దగ్గరికొచ్చి చెవిలో, "అమ్మీ చెప్పమంది, ఆయన మీద ఏమీ లేదు" అన్నాడు. ఫైనల్ డిక్రీ ఒక్క ఏడాది ఆలస్యమై ఉంటే ఆ మాట ఆమె చెప్పగలిగేదా అని ఆలోచిస్తే ఇప్పటికీ ఒళ్లు జలదరిస్తుంది. మూడు నెలల్లో తేల్చమన్న ఆ ఒకటిన్నర పేజీని అబ్బా శిక్ష అనుకున్నాడు. నా లెక్కలో అది ఆయనకి దొరికిన రహమత్.

అయినా బాకీ ఉంది. 2004 నుంచి 2023 దాకా ఆ ఎకరం మీద వచ్చిన ఫలసాయం మేమే తిన్నాం. చట్టంలో దాన్ని కూడా అడగొచ్చు. ఫుప్పీ అడగలేదు. తోట పుస్తకంలో దాదా కాలం నుంచీ కాయల లెక్క ఉంది. కూర్చుని లెక్క కట్టి, నెలకి కొంత చొప్పున పంపుతున్నాను. మొదటిసారి పంపినప్పుడు ఆమె తిప్పి పంపబోయింది. "ఇది ఖైరాత్ కాదు ఫుప్పీ, మీ అమానత్" అన్నాను. పెట్టుకుంది.

ఆమె ఆ ఎకరంలో కొత్త మొక్కలు పెట్టించింది. కాపుకొచ్చేసరికి ఆమెకి 77, 78 వస్తాయి. పోయిన నెల వెళ్తే మొక్కలకి నీళ్లు పోయిస్తూ కనిపించింది. డొంకూరు మత్స్యకారుడి కేసు ఇంకా తేలలేదట. ఆయన భార్యే మొక్కలకి నీళ్లు పోసే పనికి వస్తోంది.

మీలో ఎవరికైనా ఇలాంటి అర్జీ ఆగి ఉంటే నాకు తెలిసిన నాలుగు మాటలు. మీ కేసుకి పదహారు అక్షరాల సీ.ఎన్.ఆర్. నంబరు ఉంటుంది. దానితో ఈ-కోర్ట్స్ యాప్‌లో ప్రతి తారీఖునా ఏం జరిగిందో మీరే చూసుకోవచ్చు, ఎవరి మాటా నమ్మనక్కర్లేదు. ప్రిలిమినరీ డిక్రీ వచ్చి ఆగిపోయి ఉంటే, 2022 జూన్ తీర్పు సంగతి మీ వకీలుకి చెప్పండి. పెద్ద వయసు వాళ్లు, బేవాలు ఉంటే, ముందు అదే కోర్టులో త్వరగా వినమని ఒక అర్జీ పెట్టండి. అక్కడ ఫలితం లేనప్పుడే 227 కింద హైకోర్టుకి పోవాలి. పోతే అన్ని తారీఖుల నకళ్లూ పట్టుకుని పోండి, ఆలస్యం ఎవరి వల్ల జరిగిందో అవే చెబుతాయి.

ఇవి అర్జీ పెట్టుకున్న వాళ్ల కోసం. రెండో వైపు ఉన్న వాళ్లకి, అంటే మా లాంటి అన్నదమ్ములకి, ఒక్కటే చెబుతాను. ఈ రాత్రి ఇషా తర్వాత కూర్చుని లెక్క చూసుకోండి. మీ ఇంటి పెద్దలు పోయినప్పుడు వదిలిన తర్కా ఎంత, వారిసులు ఎంతమంది, ఎవరి వాటా ఎవరి దగ్గర ఉంది. అది కోర్టులో పడితే ఐ.ఏ. అవుతుంది, నంబరు వస్తుంది, పైకోర్టు దాకా పోతుంది. కోర్టులో పడకపోయినా అర్జీ అర్జీయే. దానికి నంబరు ఉండదు, అంతే.

అల్లాహ్ మనందరికీ హక్ ఇచ్చే హిమ్మత్ ఇవ్వాలి. మా అబ్బా మగ్ఫిరత్ కోసం దువా చెయ్యండి. ఆ మత్స్యకారుడి కేసు తేలాలని కూడా.